గొంతు వినబడని ముఖం: సురేఖా సిక్రీ నట జీవితం

‘చిన్నారి పెళ్లికూతురు’ మా టీవీలో వచ్చిన రోజుల్లో ఆనంది పేరు తెలియని తెలుగిల్లు అరుదు. చిన్ననాటి ఆనందిగా కనిపించిన అవికా గోర్ 2013లో ‘ఉయ్యాలా జంపాలా’తో ఇక్కడ కథానాయిక కూడా అయింది. ఆ సీరియల్లో ఆనందిని గడగడలాడించిన పెద్దావిడ కల్యాణీ దేవి. నెత్తిన కొంగుతో ఇల్లంతా తన కనుసన్నల్లో నడిపించిన ఆ ముఖం చాలామందికి ఇప్పటికీ గుర్తే. ఆ నటి పేరేమిటని అడిగితే మాత్రం చెప్పగలిగేవాళ్లు తక్కువ. సురేఖా సిక్రీ అని పేరు చెప్పగలిగినా, ఆమె గొంతు ఎలా ఉంటుందో ఎరిగినవాళ్లు ఇంకా తక్కువ. తెలుగులో మనం విన్నది డబ్బింగ్ చెప్పిన మరో కళాకారిణి గొంతు.

సీరియల్ మరో భాషలోకి వెళ్లాలంటే ఆ పని జరగాల్సిందే, అందులో ఎవరినీ తప్పు పట్టడానికి లేదు. అయితే సురేఖా సిక్రీ నటనలో సగానికి పైగా ఉన్నది ఆ గొంతులోనే. కాస్త బొంగురుగా, కింది స్థాయిలో మొదలై, మాటకీ మాటకీ మధ్య ఊపిరి తీసుకునే చోటును కూడా అర్థంతో నింపే గొంతు అది. ఆమె నట జీవితాన్ని అర్థం చేసుకోవాలంటే ఆ గొంతు ఎక్కడ తయారైందో ముందుగా చూడాలి.

ఆమె 1945 ఏప్రిల్ 19న పుట్టారు. బాల్యం అల్మోరా, నైనితాల్ కొండ ప్రాంతాల్లో గడిచింది. చదువు అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయంలో. నటి కావాలన్న కోరిక మొదట ఆమెది కాదు, చెల్లెలిదని ఆమే ఇంటర్వ్యూల్లో చెప్పుకున్నారు. నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా దరఖాస్తు చెల్లెలి కోసమే ఇంటికి వచ్చిందట. చివరికి దాన్ని నింపి పంపింది అక్క. 1960ల చివర్లో ఢిల్లీలో ఆ స్కూలు ఇబ్రహీం అల్కాజీ చేతుల్లో ఉంది. క్రమశిక్షణకు, ఉచ్చారణకు, వేదిక మీద శరీరాన్ని నిలబెట్టే తీరుకు అల్కాజీ పెట్టింది పేరు. చదువు పూర్తయ్యాక సురేఖ ఆ స్కూలుకు అనుబంధంగా ఉన్న రెపర్టరీ కంపెనీలోనే ఏళ్ల తరబడి ఉండిపోయారు. మనోహర్ సింగ్, ఉత్తరా బావ్కర్ లాంటివాళ్లు ఆ బృందంలో ఆమెతో పాటు పనిచేశారు. నాటకరంగంలో చేసిన కృషికి 1989లో సంగీత నాటక అకాడమీ పురస్కారం దక్కింది.

రెపర్టరీ అనే ఏర్పాటు తెలుగు నాటకరంగానికి అంత అలవాటైనది కాదు. సురభి నాటక సమాజాలను తలుచుకుంటే కొంత అందుతుంది. ఒకే బృందం ఏడాది పొడుగునా కలిసి ఉంటుంది, ఒక నాటకం నడుస్తుండగానే ఇంకో నాటకానికి సాధన మొదలవుతుంది, ఈ రోజు రాణి వేషం కట్టిన మనిషి రేపు దాసిగా నిలబడుతుంది. అలాంటి చోట వయసు పెద్ద అడ్డు కాదు. పాతికేళ్ల మనిషి డెబ్బై ఏళ్ల ముసలమ్మగా నమ్మించగలగాలి, మైకు లేకుండా చివరి వరుస దాకా మాట వినిపించాలి. తరవాతి కాలంలో కెమెరా ముందు ఆమె గొంతు తగ్గించి మాట్లాడినప్పుడు కూడా ఒక్క అక్షరం జారిపోకపోవడం ఆ ఏళ్ల సాధన వల్లే.

దీనికి ఇంకో పర్యవసానం ఉంది. యౌవనమంతా ఢిల్లీ వేదికల మీదే గడవడంతో, బొంబాయి సినిమాకు ఆమె వయసులో ఉండగా కనిపించనే లేదు. 1978లో ‘కిస్సా కుర్సీ కా’లో తొలిసారి తెర మీదికి వచ్చారు. అమృత్ నాహటా తీసిన ఈ రాజకీయ వ్యంగ్య చిత్రం మొదటి ప్రతులను ఎమర్జెన్సీ కాలంలో నాశనం చేశారు, మళ్లీ మొదటి నుంచీ తీసి విడుదల చేయాల్సి వచ్చింది. అప్పటికే ఆమెకు 33 ఏళ్లు. మన సినిమా లెక్కల్లో ఆ వయసులో వచ్చిన ఆడమనిషికి కథానాయిక తలుపు మూసే ఉంటుంది. తెరిచి ఉన్నవి అమ్మ, అత్త, అమ్మమ్మ గదులే. హీరోయిన్‌గా వెలిగి, తరవాత తల్లి పాత్రలకు దిగిన నటీమణులకు వెనకటి వెలుగు కొంత తోడు వస్తుంది. సురేఖా సిక్రీకి ఆ వెలుగు కూడా లేదు. ఆమె మొదటి నుంచీ సహాయ నటే.

ఆమెకు దేశం మొత్తం మీద మొదటి గుర్తింపు తెచ్చింది ‘తమస్’. భీష్మ సాహ్నీ నవల ఆధారంగా గోవింద్ నిహలానీ తీసిన దేశ విభజన కథ, 1988లో దూరదర్శన్‌లో ధారావాహికగా వచ్చింది. ప్రసారం ఆపించాలని కొందరు కోర్టుకెక్కితే సుప్రీం కోర్టు దాకా వెళ్లి నిలబడింది. అందులో ఆమెది రాజో అనే ముస్లిం పల్లెటూరి ఇల్లాలి పాత్ర. మతకలహాల్లో ఊరొదిలి పారిపోయిన ముసలి సిక్కు దంపతులు హర్నామ్ సింగ్, బంతో ఆమె గుమ్మం ముందు నిలబడతారు. ఇంట్లో మగవాళ్లు లేరు. వాళ్లు లూటీలకు వెళ్లిన మనుషులు, వచ్చారంటే ఏం చేస్తారో ఆమెకు తెలుసు. అయినా తలుపు తీస్తుంది.

గుమ్మం దగ్గరి ఆ సన్నివేశం సహాయ నటన మీద పాఠంలా ఉంటుంది. రాజో దేవత కాదు. జాలి, భయం, విసుగు, ఇంటి మగవాళ్ల మీద బెదురు, అతిథిని కాదనలేని పల్లె సంస్కారం, అన్నీ ఒకేసారి ఆ ముఖం మీద తిరుగుతాయి. రమ్మంటుంది, అంతలో పొమ్మంటుంది, మళ్లీ పిలుస్తుంది. మరొకరైతే ఆ పాత్రను త్యాగమూర్తిగా మలిచి కన్నీళ్లు పెట్టించేవారు. సురేఖ ఆమెను చాకిరీతో అలిసిపోయిన మామూలు ఇల్లాలిగానే ఉంచారు. మంచితనం ఆ మనిషికి ఎంత బరువైన పనో చూసేవాళ్లకు అందుకే తెలుస్తుంది. ఆ పాత్రకు జాతీయ ఉత్తమ సహాయ నటి పురస్కారం వచ్చింది. హర్నామ్ సింగ్‌గా నటించింది నవల రాసిన భీష్మ సాహ్నీ, బంతోగా దీనా పాఠక్.

ఆ దృశ్యానికి 14 ఏళ్ల తరవాత, ఎవరూ ముందుగా అనుకోని కొనసాగింపు ఒకటి వచ్చింది. 2002లో అపర్ణా సేన్ తీసిన ‘మిస్టర్ అండ్ మిసెస్ అయ్యర్’లో బస్సులో ప్రయాణిస్తున్న ముసలి ముస్లిం దంపతులుగా కనిపించేది భీష్మ సాహ్నీ, సురేఖా సిక్రీలే. మతకలహాల మూక బస్సెక్కుతుంది. తోటి ప్రయాణికుడొకడు తన ప్రాణం కాపాడుకోవడానికి ఆ ముసలివాళ్లను చూపిస్తాడు. వాళ్లను దింపి తీసుకుపోతారు. ‘తమస్’లో ఆమె తలుపు తీసి కాపాడిన మనిషి పక్కనే, ఇక్కడ ఆమె తనకు తలుపు తీసేవాళ్లు లేక వెళ్లిపోతుంది. ఆ పాత్ర నిడివి చిన్నది, అయినా సినిమా చివరిదాకా ఆ ఖాళీ సీటు బరువుగానే ఉంటుంది. అంతకు ముందు బస్సులో భర్త అవసరాలు కనిపెట్టుకుని ఉండటం, తోటి ప్రయాణికులను ఆప్యాయంగా పలకరించడం లాంటి చిన్న చిన్న పనుల్లోనే ఆమె ఒక కాపురం మొత్తాన్ని చూపించారు కాబట్టి ఆ బరువు వచ్చింది.

ఈ రెండింటి మధ్యలో వచ్చిన ‘మమ్మో’ను ఆమె అత్యుత్తమ నటనగా చెప్పొచ్చు. శ్యామ్ బెనెగల్ 1994లో తీసిన చిత్రం. హైదరాబాద్‌లో పుట్టి పెరిగి, నిజాం కాలేజీలో చదివి, ‘అనుగ్రహం’ అనే తెలుగు సినిమా కూడా తీసిన బెనెగల్‌కు దక్కనీ ఇళ్లలోని ఉర్దూ మాట కొత్త కాదు. ‘మమ్మో’ కథ మాత్రం బొంబాయిలోని ఒక ఇంట్లో జరుగుతుంది. మనవడిని పెంచుకుంటూ బతుకుతున్న ఫయ్యాజీ ఇంటికి, విభజన తరవాత పాకిస్తాన్‌లో ఉండిపోయిన చెల్లెలు మమ్మో వస్తుంది. భర్త పోయాక అక్కడి బంధువులు ఇంట్లోంచి గెంటేశారు. వీసా గడువు దాటితే ఇక్కడ ఉండనివ్వరు. గలగలా మాట్లాడే మమ్మోగా ఫరీదా జలాల్ నటించారు, ఫయ్యాజీ సురేఖా సిక్రీ.

కథ మమ్మోది, మాటలూ నవ్వులూ ఏడుపులూ ఆమెవే. ఫయ్యాజీకి మిగిలింది ఊరుకోవడం, సర్దుకోవడం, ఇంటి ఖర్చు లెక్కేసుకోవడం. చెల్లెలు వచ్చిందన్న సంతోషం ఒకవైపు, మరో నోరు పెరిగిందన్న బెంగ ఇంకోవైపు. ఆ బెంగ పైకి కనబడితే తప్పుగా అనుకుంటారేమోనన్న బిడియం వాటికి తోడు. ఇవేవీ ఆమె నోటితో చెప్పదు. తనది కాని సన్నివేశంలో వినే మనిషిగా కూర్చుని, ఆ వినడంతోనే అక్కాచెల్లెళ్ల వెనకటి జీవితమంతా చెప్పేస్తుంది. నాటకాల్లో నలిగిన నటులకు మాట లేనప్పుడు ఏం చేయాలో తెలుస్తుందని అంటారు, ‘మమ్మో’ చూస్తే ఆ మాట ఎంత నిజమో తెలుస్తుంది. రెండో జాతీయ పురస్కారం ఈ పాత్రకే.

ఈ పాత్రతో ఆమె బంధం అక్కడితో తెగలేదు. బెనెగల్ అదే కుటుంబం కథను ‘జుబేదా’లో వెనక్కి తీసుకెళ్లారు. 2001లో వచ్చిన ఆ చిత్రంలో జుబేదాగా కరిష్మా కపూర్, ఆమె తల్లిగా మళ్లీ సురేఖా సిక్రీ. అదే ఫయ్యాజీ. మొదటి సినిమాలో అమ్మమ్మగా కనిపించిన మనిషి, ఏడేళ్ల తరవాత వచ్చిన సినిమాలో, మొగుడి మాటకు ఎదురు చెప్పలేని తల్లిగా మారారు. పాత్ర వయసు తగ్గింది, నటి వయసు పెరిగింది. ‘మమ్మో’లోని ఫయ్యాజీ అంత ముభావంగా ఎందుకు ఉండేదో ‘జుబేదా’ చూశాక అర్థమవుతుంది. మన దేశంలో ఒక సహాయ పాత్రకు ఇంత పొడుగాటి జీవితం దొరకడం చాలా అరుదు. వరసగా చూడని ప్రేక్షకుడికి ఆ సంగతే తెలియదు. రెండు సినిమాలూ వెంటవెంటనే చూస్తే దక్కేది వేరు.

1990లు గడిచేసరికి ఇలాంటి పాత్రలు రాసే సినిమాలే తగ్గిపోయాయి. దూరదర్శన్, ప్రభుత్వ సంస్థల డబ్బుతో నడిచిన సమాంతర సినిమా సన్నగిల్లింది. నాటకరంగం నుంచి వచ్చిన నటీనటుల్లో చాలామంది టెలివిజన్ దారి పట్టారు. సురేఖ ‘బనేగీ అప్నీ బాత్’ లాంటి సీరియళ్లలో అమ్మగా కనిపించారు, తరవాత ‘సాత్ ఫేరే’ చేశారు. 2008 జులై 21న కలర్స్ చానల్ మొదలైన రోజునే, తెలుగులో ‘చిన్నారి పెళ్లికూతురు’గా వచ్చిన ‘బాలికా వధు’ కూడా మొదలైంది. ఎనిమిదేళ్లు, రెండు వేల పైచిలుకు ఎపిసోడ్లు నడిచింది. రాజస్థాన్‌లో బాల్యవివాహాల చుట్టూ తిరిగే ఆ కథలో కల్యాణీ దేవి మొదట్లో అన్ని అనర్థాలకూ మూలం. పసిపిల్ల ఆనందిని మనవడి పెళ్లాంగా తెస్తుంది, పెద్దకొడుక్కి చిన్న వయసు పిల్లను కట్టబెడుతుంది, ఆడపిల్ల చదువును అడ్డుకుంటుంది.

అత్తరికం మనకు కొత్త కాదు. సూర్యకాంతం తరవాత ఆ పాత్రకు తెలుగులో ఒక అచ్చు తయారైంది, చేతులు తిప్పుతూ నోరు పెట్టుకు పడిపోయే గయ్యాళి. కల్యాణీ దేవి ఆ అచ్చులో పోసిన మనిషి కాదు. అరవాల్సిన అవసరమే ఆమెకు రాదు. మెల్లగా అంటుంది, ఇంట్లో అందరూ ఆగిపోతారు. తాను చేసేది దుర్మార్గమని ఆమె అనుకోదు. చిన్నప్పుడు తన మీద జరిగినదాన్నే ఆచారమని నమ్మి, దాన్ని తరవాతి తరం మీద జరిపిస్తున్న మనిషి. సురేఖ ఆ నమ్మకాన్ని నిజాయితీగా నటించారు. చూసేవాళ్లు ఆమెను ద్వేషిస్తూనే, తమ ఇంటి ముసలమ్మలో అదే నమ్మకాన్ని గుర్తుపట్టగలిగింది అందుకే. బాల్యవివాహం మీద ఎన్ని ప్రచార కార్యక్రమాలు చేసినా రాని ఇబ్బంది ఈ గుర్తుపట్టడంలో ఉంది.

అసలు మెచ్చుకోవాల్సింది తరవాత కల్యాణీ దేవిలో వచ్చిన మార్పును సురేఖ నడిపిన తీరు. సినిమాలో మార్పుకు రెండు గంటలు, సీరియల్‌కు ఏళ్లు. కల్యాణీ దేవి ఒక్క రోజులో మారిపోలేదు. ఒక మాట వెనక్కి తీసుకోవడం, మళ్లీ పాత బుద్ధి పైకి రావడం, మనవడు జగదీశ్ ఆనందికి అన్యాయం చేసినప్పుడు సొంత రక్తాన్ని కాదని ఆ పిల్ల పక్కన నిలబడటం, ఇలా ఏళ్ల మీద జరిగింది. మొదటి ఏడాది టెలివిజన్ పురస్కారాల్లో ఆమెను ప్రతినాయిక విభాగంలో గౌరవించారు, 2011లో సహాయ నటి విభాగంలో. ఒకే పాత్ర, రెండు పేర్లు. రోజువారీ సీరియళ్లంటే చిన్నచూపు చూసే విమర్శకులు ఇక్కడ కాస్త ఆగి చూడాలి. సమాంతర సినిమా ఆమెకు గొప్ప సన్నివేశాలిచ్చింది, తీరిక మాత్రం ఇవ్వలేదు. ఒక మనిషి ముసలితనంలో మెల్లమెల్లగా మారడాన్ని చూపే తీరిక టెలివిజనే ఇచ్చింది. నాసిరకం సాగదీతల మధ్య కూడా ఆమె ఆ తీరికను వాడుకోగలిగారు. కల్యాణీ దేవి పడుచు వయసును చూపాల్సి వచ్చినప్పుడు ఆ పాత్రలో కనిపించింది హీబా షా. ఆమె నసీరుద్దీన్ షా కూతురు, సురేఖకు బంధువు కూడా.

తెలుగు డబ్బింగ్‌లో పోయినదేమిటో ఇప్పుడు తేలిగ్గా చెప్పొచ్చు. హిందీలో ఆమె మాటకు మార్వాడీ సాగతీత ఉండేది, వాక్యం చివర గొంతు కిందికి దిగేది. డబ్బింగ్‌లో పెదాల కదలికకు తగ్గట్టు మాటలు సర్దాలి, రోజుకో ఎపిసోడ్ అందించాలి. ఆ వేగంలో నిశ్శబ్దాల కొలతలు అచ్చంగా అందుకోవడం ఎవరికైనా కష్టమే. ఇంకో విషయం కూడా ఇక్కడే చెప్పుకోవాలి. డబ్బింగ్ సీరియళ్లు తమ పొట్ట కొడుతున్నాయని తెలుగు టీవీ కళాకారులు ఆందోళనకు దిగారు. వాళ్ల బాధ న్యాయమైనదే. కల్యాణీ దేవి లాంటి పాత్రను ఇక్కడే రాసుకుని ఉంటే, తెలుగు నాటకరంగంలో ఆరితేరిన ఏ పెద్దావిడకో ఎనిమిదేళ్ల పని దొరికేది. తెర మీద ఒకరి ముఖం, వెనక ఇంకొకరి గొంతు, పని దొరకని మూడో మనిషి. సహాయ నటుల బతుకు ఎంత ఇరుకైనదో ఈ ముగ్గురిని కలిపి చూస్తే తెలుస్తుంది.

73 ఏళ్ల వయసులో ‘బధాయీ హో’ వచ్చింది. అమిత్ శర్మ దర్శకత్వంలో 2018 అక్టోబరులో విడుదలైంది. పెళ్లీడుకొచ్చిన కొడుకున్న తల్లి మళ్లీ గర్భవతి అయితే ఇల్లు ఎలా తలకిందులవుతుందో చూపే కథ. నీనా గుప్తా, గజరాజ్ రావు దంపతులు, సురేఖ ఆ ఇంటి నాయనమ్మ. సగం సినిమా దాకా ఆమె దెప్పిపొడుస్తూనే ఉంటుంది, హాలంతా నవ్వుతూ ఉంటుంది. తరవాత మీరట్ పెళ్లింట్లో కోడలిని సొంత కూతురు, పెద్దకోడలు ఎగతాళి చేసినప్పుడు ఆ ముసలావిడ తిరగబడుతుంది. తాను మంచాన పడ్డప్పుడు చేసింది ఎవరు, పలకరించని వాళ్లు ఎవరు అని నిలదీస్తుంది. అంతవరకు నవ్వించిన గొంతే ఆ క్షణంలో బరువెక్కుతుంది. రెండింటికీ ఆమె వేర్వేరు గొంతులు వాడలేదు, అదే సణుగుడు, అదే విరుపు. మనిషి మారలేదు, ఆ కోపం తగలాల్సిన చోట తగిలింది. ప్రేక్షకులకు కళ్లు చెమర్చడానికి కారణం అదే.

ఆ పాత్రకు మూడో జాతీయ పురస్కారం వచ్చింది. ఉత్తమ సహాయ నటి విభాగంలో మూడు సార్లు అందుకున్నది ఆమె ఒక్కరే. రెండోదానికీ మూడోదానికీ మధ్య దాదాపు పాతికేళ్లు గడిచాయి. 2019 డిసెంబర్ 23న ఢిల్లీ విజ్ఞాన్ భవన్‌లో ఉపరాష్ట్రపతి వెంకయ్య నాయుడు పురస్కారాలు అందజేసిన సభకు ఆమె చక్రాల కుర్చీలో వచ్చారు. అంతకు ముందు ఏడాది మహాబలేశ్వర్‌లో షూటింగ్‌లో ఉండగా పక్షవాతం వచ్చింది. సభలో ఉన్నవాళ్లంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అదే వేదిక మీద ‘మహానటి’లో సావిత్రి పాత్రకు కీర్తి సురేశ్ ఉత్తమ నటి పురస్కారం అందుకున్నారు. తెలుగు పత్రికలు, చానళ్లు ఆ రోజు సంబరపడింది ‘మహానటి’ గురించే, అది సహజం కూడా. అదే సభలో చక్రాల కుర్చీలో ఉన్న పెద్దావిడ తమ ‘చిన్నారి పెళ్లికూతురు’ కల్యాణీ దేవేనని ఎంతమంది గమనించారో మరి.

2020 మొదట్లో వచ్చిన ‘ఘోస్ట్ స్టోరీస్’లో జోయా అఖ్తర్ తీసిన భాగంలో ఆమె మంచానికే పరిమితమైన ముసలావిడ. చూసుకోవడానికి వచ్చిన నర్సుగా జాన్వీ కపూర్. శరీరం కదలదు, మాట తడబడుతుంది, కళ్లు మాత్రం తలుపు వైపే ఉంటాయి. ఆ పాత్రకు ఆమె అనారోగ్యం కూడా పనికొచ్చింది, అంతకంటే ఎక్కువగా ఆ గొంతు.

ఆ ఏడాదే కరోనా వచ్చింది. లాక్‌డౌన్ సడలించి షూటింగులకు అనుమతిచ్చినప్పుడు 65 ఏళ్లు దాటినవాళ్లు సెట్‌లోకి రాకూడదని మహారాష్ట్ర ప్రభుత్వం నిబంధన పెట్టింది. వయసైన నటీనటుల్లో చాలామందికి ఆ రోజు పని చేస్తేనే ఆ రోజు డబ్బు. పింఛను లేదు, నెల జీతం లేదు. సురేఖా సిక్రీ ఆ నిబంధనను బహిరంగంగా వ్యతిరేకించారు. మందులకు, ఇల్లు గడవడానికి తనకు పని కావాలని, ఎవరి దగ్గరా చెయ్యి చాచడం తనకు ఇష్టం లేదని చెప్పారు. మూడు జాతీయ పురస్కారాలున్న మనిషికే ఆ పరిస్థితి. ఆగస్టులో బొంబాయి హైకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. సెప్టెంబరులో ఆమెకు రెండోసారి పక్షవాతం వచ్చింది. ఆ తరవాత సెట్‌కు వెళ్లగలిగే స్థితి రాలేదు. 2021 జులై 16న ముంబైలో గుండె ఆగి కన్నుమూశారు. అప్పటికి ఆమెకు 76 ఏళ్లు.